జాఁ లూయీ కొమోల్లి: అల్జీరియాలో పుట్టి, పారిస్‌లో విమర్శ రాసి, మార్సేయ్‌లో సినిమాలు తీసినవాడు

శ్రీలత
అందరికీ నమస్కారం. సినిమా చదువుల్లో ఉన్నవాళ్ళకి 1969 నాటి "సినిమా, భావజాలం, విమర్శ" అనే వ్యాసం తెలిసే ఉంటుంది. ఫ్రెంచి పత్రిక 'కయే దు సినెమా'లో జాఁ లూయీ కొమోల్లి, జాఁ నార్బోని కలిసి రాశారు. 1971లో ఇంగ్లిష్‌లోకి వచ్చినప్పటి నుంచి ప్రపంచమంతా పాఠంగా చెబుతూనే ఉన్నారు. మాకూ చెప్పారు. కానీ ఆ కొమోల్లి ఆ తర్వాత జీవితమంతా సినిమాలు తీశాడని, వాటిలో ఎక్కువ డాక్యుమెంటరీలని, ఒకే ఊరి ఎన్నికలను పదేళ్ళకు పైగా వెంటాడి తీశాడని చాలామందికి తెలియదు. పాఠ్యపుస్తకంలో ఆయన ఆ ఒక్క వ్యాసం దగ్గరే ఆగిపోయాడు.

1941లో అల్జీరియాలోని ఫిలిప్‌విల్‌లో పుట్టాడు. ఇప్పుడు ఆ ఊరి పేరు స్కిక్డా. 1961లో పారిస్ వచ్చాడు. మరుసటి ఏడాదికే కయేలో రాయడం మొదలుపెట్టాడు. అరవైల మధ్య నుంచి డెబ్బైల మొదటిదాకా ఆ పత్రిక సంపాదకత్వం ఆయన చేతిలోనే, ఎక్కువ కాలం నార్బోనితో కలిసి నడిచింది. 2022 మేలో పోయాడు.

నా ఉద్దేశంలో ఆయన 'విమర్శ మానేసి దర్శకుడైన' మనిషి కాదు. విమర్శలో వేసిన ప్రశ్నలకే సినిమాల్లో జవాబు వెతికాడు. మీరేమంటారు?

రవి_కాకినాడ
మంచి దారం తీశావమ్మా. ఆ కాలం సంగతి కొంచెం చెబితే కొత్తవాళ్ళకు పనికొస్తుంది.

కయే 1951లో మొదలైంది. గొదార్, త్రూఫో, రివెట్ లాంటివాళ్ళు అక్కడ రాసి, అక్కడి నుంచే సినిమాల్లోకి వెళ్ళారు. కొమోల్లి తరం వచ్చేసరికి ఆ పెద్దలంతా దర్శకులై కూర్చున్నారు. అంటే ఇతను ఆఫీసులో అడుగుపెట్టేనాటికే పత్రికకు గొప్ప గతం ఉంది. కానీ ఆ గతాన్నే కాపాడుకుంటూ కూర్చుంటే కొత్తగా చెప్పడానికేమీ మిగలదు. అప్పటిదాకా అభిమానం మీద నడిచిన పత్రికను వాదం మీద నడిపించింది ఈ తరమే.

1968 ఫిబ్రవరిలో ప్రభుత్వం పారిస్‌లోని సినిమా భాండారం సినిమాథెక్ నుంచి, దాన్ని నడిపే ఆఁరీ లాంగ్లోవాను తొలగించింది. సినిమావాళ్ళు వీధుల్లోకి వచ్చారు. ఆ పోరాటంలో కయే ముందు నిలిచింది, ఏప్రిల్ కల్లా లాంగ్లోవా తిరిగొచ్చాడు. తర్వాత విద్యార్థులు, కార్మికుల మే నెల ఉద్యమం. జూన్‌లో ఎన్నికలు. ఆ ఎన్నికల మీదే కొమోల్లి, ఆఁద్రే లబార్త్ కలిసి పారిస్ శివారు ఆనియేర్‌లో ఒక డాక్యుమెంటరీ తీశారు. కాబట్టి శ్రీలత చెప్పినదానికి ఇంకొకటి చేర్చాలి. ఆ ప్రసిద్ధ వ్యాసానికి ముందే ఆయన ఎన్నికల సినిమా తీసి ఉన్నాడు.

1969 చివర్లో పత్రిక యజమానికి, సంపాదకులకు తగవొచ్చి ప్రచురణ ఆగిపోయింది. త్రూఫో వంటి పాతవాళ్ళ సాయంతో పత్రికను కొనుక్కుని 1970లో మళ్ళీ మొదలుపెట్టారు. డబ్బున్న యజమాని కింద ఉంటూ డబ్బు పెత్తనం గురించి రాయడం ఎంత కష్టమో పత్రికల్లో పనిచేసినవాళ్ళకు చెప్పక్కర్లేదు.

నర్సన్న_ఓరుగల్లు
అన్నా, నాకొక మాట అడగాలె. కొందరు ఈయన్ని 'అల్జీరియా దర్శకుడు' అంటరు, గట్ల అనుడు ఎంతవరకు న్యాయం? ఫ్రాన్స్ ఆ దేశాన్ని 132 ఏండ్లు గుప్పిట్ల పెట్టుకున్నది. ఆ కాలంల అక్కడ స్థిరపడ్డ యూరప్ కుటుంబాల పిల్లగాడు గద ఈయన. భూములు పోయినోళ్ళు వేరే, స్వాతంత్ర్యం కోసం చచ్చినోళ్ళు వేరే. అల్జీరియా సినిమా అంటే నాకు లఖ్దర్ హమీనా యాదికొస్తడు. 1975ల కాన్ సినిమా పండుగల పెద్ద బహుమతి గెలిచిండు. అసియా జెబార్ యాదికొస్తది. ఆమె నవలలు రాసింది, కెమెరా పట్టి చెనువా కొండల ఆడోళ్ళ మాటలు వినిపించింది. అసలు ఊరోళ్ళ పేర్లు పక్కకు వెట్టి పుట్టిన ఊరు చూసి ఈయనకు ఆ పేరు ఇచ్చుడు నాకు నచ్చలే.

సుధ_ఎక్స్
నర్సన్న గారూ, మీరు అడిగింది అడగాల్సిన ప్రశ్నే. నేనుండేది మార్సేయ్ పక్కన ఎక్సాన్‌ప్రొవాన్స్‌లో. ఇక్కడ ఈ మాట ఇప్పటికీ పచ్చి పుండే.

కొమోల్లి పుట్టింది ఎలాంటి ఊరో చూడండి. 1955 ఆగస్టు 20న అల్జీరియా విముక్తి సేన ఫిలిప్‌విల్ చుట్టుపక్కల తిరుగుబాటు చేసింది. వందమందికి పైగా చనిపోయారు, వాళ్ళలో చాలామంది యూరప్ వాళ్ళు. దానికి ప్రతీకారంగా ఫ్రెంచి సైన్యం, వలసదారుల గుంపులు చంపిన అల్జీరియన్లు వేలల్లో ఉంటారు. యుద్ధం ఇక వెనక్కి రాని దారి పట్టింది ఆ రోజుతోనే. అప్పటికి కొమోల్లికి పద్నాలుగేళ్ళు.

1962లో స్వాతంత్ర్యం వచ్చింది. ఆ ఒక్క ఏడాదిలో దాదాపు 8 లక్షల మంది యూరప్ సంతతివాళ్ళు అల్జీరియా వదిలారు. ఎక్కువమంది ఓడ దిగింది మార్సేయ్ జోలియెట్ రేవులో. అప్పటి మేయరు గాస్తోఁ దెఫేర్ వాళ్ళు ఇంకెక్కడికైనా పోయి సర్దుకోవాలని పత్రికలో బాహాటంగానే అన్నాడు. సోషలిస్టు మేయరు! ఆ మాట ఇక్కడి పాతవాళ్ళు మర్చిపోలేదు.

కొమోల్లి అంతకు ముందే పారిస్ వచ్చేశాడు కాబట్టి ఆ ఓడల్లో ఆయన లేడు. కానీ 1989లో మార్సేయ్ ఎన్నికలు తీయడానికి వచ్చినప్పుడు ఆ సినిమా మొత్తం దెఫేర్ పోయాక ఖాళీ అయిన కుర్చీ చుట్టూనే తిరుగుతుంది. అది కాకతాళీయమని నేను అనుకోను.

ఇక అల్జీరియా వాడా కాదా అంటే, ఆయన 2018లో తన బాల్యం మీద పుస్తకం వేశాడు. ఒక మేడ మీది నుంచి అల్జీరియాను గుర్తుచేసుకునే పుస్తకం. అందులో తను పోగొట్టుకున్న స్వర్గం కోసం ఏడుపు ఉండదు. పక్కనే బతుకుతున్న అరబ్బులను ఆ ఊరి యూరప్ వాళ్ళు చూడకుండానే ఎలా బతికారన్నదే ఆయన్ని తొలిచేసిన ప్రశ్న. ఎవరు కనిపిస్తారు, ఎవరు కనిపించరు అన్నది ఆయన సినిమా సిద్ధాంతానికీ మూలమే.

నర్సన్న_ఓరుగల్లు
సుధక్కా, నువ్వు చెప్పినంక కొంత సమజైంది. వలస ఇంట్ల పుట్టి, ఆ ఇంటి గోడలు ఎట్ల కట్టిన్రో చెప్పినోడు అంటే నేను ఒప్పుకుంట. కానీ 'అల్జీరియాలో పుట్టిన ఫ్రెంచి దర్శకుడు' అనే రాయాలె. హమీనా సినిమా, ఈయన మొదటి కథాచిత్రం రెండూ 1975లనే వచ్చినయ్. ఒకాయన తన ప్రజల పోరాటాన్ని పెద్ద తెర మీద పరిచిండు. ఇంకొకాయన ఇటలీ నుంచి బ్రెజిల్ పోయిన అరాచకవాదుల (రాజ్యం, యజమాని వద్దనేటోళ్ళ) కత తీసుకున్నడు. ఇద్దర్ని ఒక్క గంపల ఏసుడు మాత్రం వద్దు.

బాబ్జీ_కెమెరా
నేను ఛాయాగ్రహణం వైపు మనిషిని. మీ రాజకీయ చర్చలోకి కొంచెం టెక్నికల్ సంగతి తెస్తున్నా, ఎందుకంటే కొమోల్లి నాకు పరిచయమైంది అటువైపు నుంచే. 1971, 72లో కయేలో ధారావాహికగా "సాంకేతికత, భావజాలం" అని రాశాడు. మా పనిని ఇంత దగ్గరగా చూసి రాసిన సిద్ధాంతకర్త ఇంకొకరు నాకు కనపడలేదు.

విషయం ఏమిటంటే: డీప్ ఫోకస్. దగ్గరున్న మనిషీ, దూరంగా కిటికీ బయట ఆడుకునే పిల్లాడూ ఇద్దరూ స్పష్టంగా కనపడటం. దీన్ని 1941 నాటి 'సిటిజన్ కేన్' గొప్పతనంగా అందరం చదువుకున్నాం. విమర్శకుడు ఆఁద్రే బజాఁ అయితే సినిమా వాస్తవానికి దగ్గరవుతూ వచ్చిన ప్రయాణంలో ఇదొక పెద్ద అడుగు అన్నాడు. కొమోల్లి అడిగిన ప్రశ్న చాలా సాదా: మరి తొలి సినిమాలు తీసిన లూమియేర్ అన్నదమ్ముల రైలు సినిమాలో అది అప్పటికే ఉంది కదా? దూరం నుంచి చుక్కలా వచ్చే ఇంజను ఫ్రేము అంచుదాకా వచ్చేవరకూ అన్నీ స్పష్టంగానే ఉంటాయి. మొదట్లో ఉన్నది మధ్యలో ఎందుకు మాయమైంది, మళ్ళీ ఎందుకు వచ్చింది?

టెక్నీషియన్లు చెప్పే జవాబు ఇది. పాత ఫిల్ము ఎరుపు రంగును పట్టుకోలేదు. బలమైన వెలుతురిచ్చే ఆర్క్ దీపాల కింద తీసేవారు, లెన్సు కన్నం చిన్నదిగా పెట్టుకోవచ్చు, లోతు బాగా వచ్చేది. ఇరవైల చివర్లో అన్ని రంగులకూ స్పందించే పాన్‌క్రోమాటిక్ ఫిల్ము వచ్చింది. అదే సమయంలో మాట వచ్చింది. ఆర్క్ దీపాలు గుయ్యిమని మోగుతాయి, మైకు పట్టేస్తుంది. దాంతో చప్పుడు చెయ్యని బల్బులకు మారారు. వాటి వెలుతురు తక్కువ, కాబట్టి లెన్సు బార్లా తెరవాలి. తెరిచేసరికి లోతు పోయింది, వెనకంతా మసక. సెట్టులో పనిచేసిన ఎవడికైనా ఈ లెక్క తెలుసు.

కొమోల్లి ఇక్కడ ఆగడు. ఈ మార్పులకు ఎందుకు సిద్ధపడ్డారు అంటాడు. జనం అప్పటికి ఫోటోలకు అలవాటుపడ్డారు, ముఖం మీది చర్మం రంగు, బూడిద రంగు ఛాయలు సరిగ్గా ఉంటేనే 'నిజం'లా ఉందనుకునే స్థితికి వచ్చారు. పైగా మాట వచ్చాక పాత్ర మనసు చూపే బరువు గొంతు మోస్తోంది. లోతు పోయినా ఫర్వాలేదనిపించింది. అంటే టెక్నిక్ దానంతటది ముందుకు నడవలేదు. ఏది నిజంగా కనపడాలో మార్కెట్టూ, అలవాటూ, భావజాలమూ కలిసి తేల్చాయి, పరికరం ఆ వైపు వంగింది.

ఇది చదివాక నేను లైటు పెట్టే పద్ధతే మారింది. ఫిల్ము కంపెనీలు ముఖం రంగును ఎవరి చర్మం పెట్టి సరిచూసేవో అప్పుడే పట్టించుకున్నా.

వెంకటేశ్వర్లు_మాస్టారు
బాబ్జీ, చాలా వివరంగా రాశావు నాయనా.

మన తెలుగు సాహిత్య విమర్శలో వస్తువు, శిల్పం అని ఏళ్ళ తరబడి కొట్టుకున్నాం. వస్తువు విప్లవాత్మకమైతే చాలునన్నవాళ్ళున్నారు, శిల్పమే కవిత్వమన్నవాళ్ళున్నారు. కొమోల్లి, నార్బోని ఆ వ్యాసంలో సినిమాలను ఏడు రకాలుగా విడదీశారు. ఆ తగాదాలో ఉన్నవాళ్ళు తప్పక చదవాల్సింది అందులో నాలుగో రకం. చెప్పేది రాజకీయమే, కానీ చెప్పే తీరు మాత్రం తను తిట్టే వ్యవస్థ దగ్గర అరువు తెచ్చుకున్నదే. పోలీసు జులుం మీద సినిమా తీస్తూ, జులుం చేసే పోలీసు హీరోని మామూలు సినిమాలు చూపినట్టే ఈ హీరోనీ చూపడం. మన దగ్గర అలాంటి 'ఎర్ర' సినిమాలు ఎన్ని వచ్చాయో అందరికీ తెలుసు. జనం చప్పట్లు కొట్టారు, నేనూ కొట్టాను. ఆ వ్యాసం మాత్రం ఆ చప్పట్లు ఎవరికి పడుతున్నాయో చూడమంటుంది.

ఒక ఫిర్యాదు కూడా ఉంది. 1972, 73 కల్లా కయే మావో సిద్ధాంతం వైపు పూర్తిగా జరిగిపోయింది. బొమ్మలు తగ్గాయి, సినిమాలు తగ్గాయి, తీర్మానాలు పెరిగాయి. పాఠకులు పోయారు. తర్వాత సెర్జ్ దనే, సెర్జ్ తుబియానా వచ్చి మళ్ళీ సినిమాల దగ్గరికి తెచ్చారు. సినిమాను ప్రేమించే పత్రికలో సినిమాయే మాయమైతే ఎవరికి లాభం?

శ్రీలత
మాస్టారూ, ఆ ఫిర్యాదులో బలముంది. అయితే ఆ 'ఎర్ర' ఏళ్ళన్నీ తీర్మానాలే కావు. 1970 ఆగస్టు సంచికలో జాన్ ఫోర్డ్ తీసిన లింకన్ సినిమాను సంపాదకవర్గమంతా కలిసి సన్నివేశం వెంట సన్నివేశం చదివింది. 1939 నాటి హాలీవుడ్ స్టూడియో సినిమా అది. దాన్ని తిట్టి పారెయ్యలేదు. లింకన్‌ని దేవుడిగా నిలబెట్టాలనుకున్న సినిమాలోనే, ఆ దేవుడి ముఖంలో ఎక్కడ భయపెట్టే చల్లదనం కనిపిస్తుందో, దేని గురించి సినిమా నోరు మెదపదో పట్టుకున్నారు. ఇది ఆ వ్యాసంలో ఐదో రకం: పైకి వ్యవస్థకు లొంగినట్టే ఉండి, లోపల పగుళ్ళిచ్చే సినిమా.

నాకు ఆ ఐదో రకమే ఎక్కువ ఇష్టం. ఎందుకంటే అది ప్రేక్షకుల్ని అవమానించదు. మామూలు జనం చూసే సినిమాను అంత శ్రద్ధగా చూడటం, దానికి అన్ని పేజీలు ఇవ్వడం కూడా ప్రేమే కదా.

ఫణి_సాక్సఫోన్
జాజ్ సంగతి ఎవరూ ఎత్తలేదు! కొమోల్లి 'జాజ్ మ్యాగజీన్'లో కూడా రాసేవాడు. 1971లో ఫిలిప్ కార్ల్‌తో కలిసి 'ఫ్రీ జాజ్ బ్లాక్ పవర్' పుస్తకం రాశాడు. అమెరికాలో నల్లవాళ్ళ సంగీతాన్ని రికార్డు కంపెనీలు, క్లబ్బులు, విమర్శకులు, అంతా తెల్లవాళ్ళే ఎలా తమ సొత్తు చేసుకున్నారు, ఆర్నెట్ కోల్మన్, ఆల్బర్ట్ ఐలర్ లాంటివాళ్ళు పాత రూపాన్ని విరగ్గొట్టడం నల్లజాతి పోరాటంతో ఎలా ముడిపడిందన్నది దాని వాదం. 1988లో ఇద్దరూ ఆఁద్రే క్లెర్జాతో కలిసి జాజ్ నిఘంటువు కూడా తెచ్చారు. ఫ్రెంచిలో జాజ్ వినేవాళ్ళ ఇళ్ళలో అది ఇప్పటికీ చేతికందే చోట ఉంటుంది.

నర్సన్న అన్నా, మీ ప్రశ్నకు ఇది కూడా జవాబేమో చూడండి. వలస పాలనలో ఏలే వర్గంలో పుట్టినవాడు ఇంకొక దేశంలోని నల్లజాతి సంగీతం గురించి రాసేటప్పుడు మొదట 'మనం విమర్శకులం ఎవరి చెవులతో వింటున్నాం' అని అడిగాడు.

నర్సన్న_ఓరుగల్లు
ఫణీ, గీ మాట మంచిగనిపించింది తమ్మీ. పుస్తకం ఇంగ్లిష్‌ల ఉన్నదా?

ఫణి_సాక్సఫోన్
ఉందన్నా, 2015లో వచ్చింది.

రవి_కాకినాడ
కథాచిత్రాల గురించి రెండు ముక్కలు. 'లా సెసిలియా' 1975లో. 1890లో జొవాన్ని రోసి అనే ఇటాలియన్ కొంతమందితో బ్రెజిల్ వెళ్ళి పరానా ప్రాంతంలో యజమాని లేని ఊరు కట్టాలని చూశాడు, నాలుగేళ్ళకు మించి నిలవలేదు. దాని కథ. 1981లో 'లోంబ్ర్ రూజ్', స్పెయిన్ అంతర్యుద్ధానికి ఆయుధాలు చేరవేసే కమ్యూనిస్టు గూఢచారుల కథ, క్లోద్ బ్రాసర్, నతాలీ బాయ్ లాంటి పెద్ద నటులున్నారు. 1983లో ఇంకొకటి. అంతే, తర్వాత పెద్ద తెర కథలవైపు పెద్దగా పోలేదు.

'లా సెసిలియా' తప్పక చూడండి. మిగతా రెండింటికి తొందరేమీ లేదు. అన్నట్టు గొదార్ 'ఆల్ఫావిల్'లో కొమోల్లి నటించాడు, ప్రొఫెసర్ జెకెల్‌గా. చిన్న పాత్ర.

సుధ_ఎక్స్
ఇప్పుడు అసలు సంగతికి వద్దాం. నా దృష్టిలో ఆయన చేసిన పెద్ద పని మార్సేయ్ సినిమాలే.

1989 పురపాలక ఎన్నికలతో మొదలు. ముప్ఫై మూడేళ్ళు మేయరుగా ఉన్న దెఫేర్ 1986లో పోయాడు. ఆ వారసత్వం కోసం కొట్లాట. 1992లో ప్రొవాన్స్ ప్రాంతీయ ఎన్నికలు: తీవ్ర కుడిపక్షం నాయకుడు ల పెన్, వ్యాపారి బెర్నార్ తపీ, కుడిపక్షం గోదేఁ, ముగ్గురూ బరిలో. 1995లో గోదేఁ మేయరైన ఎన్నిక. ఆ తర్వాత 1997 పార్లమెంటు ఎన్నికలు, చివరికి 2001 పురపాలక ఎన్నికలు. అదే ఊరు, చాలావరకు అవే ముఖాలు. ఒకాయన మొదటి సినిమాలో కుర్రవాడుగా వెనక నిలబడతాడు, ఇంకో సినిమాకొచ్చేసరికి జుట్టు నెరిసి మధ్యలో కూర్చుంటాడు. టీవీ వార్తలో ఇది ఎప్పటికీ రాదు, ఎందుకంటే వార్తకు నిన్నటి రోజు కూడా గుర్తుండదు.

పద్ధతి చెబుతాను. మిషెల్ సాంసోఁ అనే పాత్రికేయుడు ఫ్రేములోనే ఉంటాడు. మార్సేయ్ రాజకీయాలు ఆయనకు అరచేతిలో గీతల్లా తెలుసు. నాయకుడి పక్కన నిలబడి మాట్లాడతాడు, నడుస్తాడు, ఎదురుచూస్తాడు. టీవీలో అయితే పాత్రికేయుడి ప్రశ్న కోసేసి నాయకుడి జవాబులో పది సెకన్లు వేస్తారు. ఇక్కడ ప్రశ్నా ఉంటుంది, జవాబూ ఉంటుంది, జవాబు అయిపోయాక ఏమనాలో తెలియక నాయకుడు చూసే చూపూ ఉంటుంది. కోత పెట్టకుండా ఆగడమే ఆయన శైలి.

నాదియా బ్రియా, సామియా గాలి అనే ఇద్దరు యువతుల మీద తీసిన సినిమా నాకు చాలా ఇష్టం. ఇద్దరూ మాగ్రెబ్ (ఉత్తర ఆఫ్రికా) కుటుంబాల అమ్మాయిలే, మార్సేయ్‌లో ఎన్నికల్లో నిలబడ్డారు. సామియా గాలి ఆ తర్వాత 2008లో సెనేటర్ అయింది. 2001 ఎన్నికల మీద తీసిన సినిమా అయితే ఆ ప్రశ్ననే నేరుగా పట్టుకుంటుంది: ఉత్తర ఆఫ్రికా నుంచి వచ్చిన కుటుంబాల పిల్లలకు పార్టీలు తమ జాబితాల్లో చోటిస్తాయా, ఇస్తే ఎన్నో స్థానంలో ఇస్తాయి? గెలవని స్థానంలో పేరు రాసి 'చూశారా, ఇచ్చాం' అనడం ఇక్కడా ఉంది.

నర్సన్న_ఓరుగల్లు
అక్కా, గీ జాబితాల కత మనకు కొత్తగాదు. ఓడిపోయే సీటు చూసి ఇచ్చుడు మనకూ తెలుసు.

కానీ నాది ఇంకో అభ్యంతరం. ల పెన్ పార్టీ అంటే వలసొచ్చినోళ్ళను ఎల్లగొట్టాలె అనే పార్టీ. ఆ ల పెన్ అల్జీరియా యుద్ధంల సైనికునిగ పనిచేసినోడే. గసుంటి పార్టీ నాయకులకు కోత లేకుండ అన్నేసి నిమిషాలు ఎందుకియ్యాలె? గంత టైము ఇస్తే ఆల్ల మాట నమ్మేటోడు నమ్మడా?

సుధ_ఎక్స్
ఈ ప్రశ్న కొమోల్లి తనకు తనే వేసుకున్నాడు. శత్రువును ఎలా తీయాలి అని ఒక వ్యాసమే రాశాడు. ఆయన వాదం నేనర్థం చేసుకున్నంతలో ఇది: శత్రువును వెక్కిరిస్తూ, తెలివితక్కువగా కనిపించే ముక్కలు ఏరి చూపిస్తే మనవాళ్ళు నవ్వుకుని ఇంటికి పోతారు. అతనికి ఓట్లు ఎందుకు పడుతున్నాయో మాత్రం తెలియదు. అతనిలో ఆకర్షణ ఉంటే ఆ ఆకర్షణ కనపడాలి. బలముంటే బలం కనపడాలి. అప్పుడే దానితో తలపడటం ఎలాగో తెలుస్తుంది. మైకు అతని చేతికిచ్చి పక్కకు తప్పుకోవడం కాదిది, సాంసోఁ ఎదురుగా ఉంటాడు, ఆయన ప్రశ్న ఉంటుంది.

బాబ్జీ_కెమెరా
కెమెరావాడిగా ఒకటి చెబుతా. టీవీ క్లోజప్‌లో ముఖం మాత్రమే ఉంటుంది, మాట గాల్లోంచి వచ్చినట్టుంటుంది. నడుం దాకా, మోకాళ్ళ దాకా చూపితే మనిషి ఒక చోట నిలబడి ఉంటాడు. వెనకాల ఎవరున్నారు, వాళ్ళు ఎవరివైపు చూస్తున్నారు, ఏ మాటకు చెయ్యి జేబులోకి పోయింది, అన్నీ కనపడతాయి. కొమోల్లి డీప్ ఫోకస్ మీద అన్ని పేజీలు ఊరికే రాయలేదు. వెనకనున్న మనిషిని మసక చేస్తే ఆ మనిషి రాజకీయాల్లోంచి కూడా మసకైపోతాడు. శ్రీలత మొదట అన్న మాటకు ఇది నా సాక్ష్యం.

నర్సన్న_ఓరుగల్లు
బాబ్జన్నా, నువ్వు చెప్పింది కెమెరా సంగతి, ఒప్పుకుంట. కానీ సినిమా చూసేటోడు ఎవరో కూడ చూడాలె. ఆ పార్టీ వల్ల రోజూ భయపడేటోడు కూసుని గది చూడాలంటే ఆని కడుపుల ఎట్లుంటది? కొమోల్లి చెప్పిన 'మనం'ల ఆడు ఉన్నడా? గీ ప్రశ్న నేను ఇడువ.

వెంకటేశ్వర్లు_మాస్టారు
విడువకు నర్సన్నా. ఆ ప్రశ్న ఉండాల్సిందే.

నేను చెప్పదలచింది ఎన్నికలు కాని సినిమా గురించి. 1991లో ఒక ఆసుపత్రి పుట్టుక మీద తీశాడు. పారిస్‌లో పిల్లల ఆసుపత్రి రోబేర్ దెబ్రే. 1980లో దాని రూపకల్పనకు పోటీ పెట్టారు. వాస్తుశిల్పి పియేర్ రిబూలే ఆ పోటీ నడిచినన్నాళ్ళూ డైరీ రాసుకున్నాడు. కొమోల్లి కట్టిన భవనం ముందు నిలబడి 'ఎంత బాగుందో' అనడు. రిబూలేనే బల్ల ముందు కూర్చోబెట్టి, ఆ డైరీ చదివిస్తూ, ఆ గీతలు మళ్ళీ గీయిస్తాడు. కాగితం మీద పెన్సిలు, కొట్టివేత, మళ్ళీ గీత. జబ్బుతో ఉన్న పిల్లాడు ఏ వైపు నుంచి లోపలికి వస్తాడు, తల్లి ఎక్కడ కూర్చుంటుంది, కిటికీలోంచి ఏం కనపడాలి. ఈ చిక్కులు ఒక్కొక్కటీ విడిపోవడం మన కళ్ళముందే జరుగుతుంది.

పని చేస్తున్న మనిషి ఆలోచనను తెర మీద చూపించడం చాలా కష్టం. చేతిని చూపితే చాలదు, మాట వినిపిస్తే చాలదు. అరవై ఏళ్ళుగా సినిమాలు చూస్తున్నవాడిగా చెబుతున్నాను, ఆలోచన ఒక గీతగా మారడం ఇంత స్పష్టంగా నేను ఇంకెక్కడా చూడలేదు. 1993లో ఆరోగ్య బీమా ఆఫీసు ఉద్యోగుల మీద ఆయన తీసినదాన్ని కూడా దీని పక్కనే పెట్టి చూడాలి. గుమాస్తాలు తమ పని గురించి తామే చెప్పుకునే సినిమా.

ఫణి_సాక్సఫోన్
మాస్టారూ, ఆ రెండు సినిమాల సంగతి రాసిపెట్టుకున్నా.

పాఠాలు చెప్పడం కూడా ఆయన జీవితంలో పెద్ద భాగం. పారిస్ 8 విశ్వవిద్యాలయం, లా ఫెమిస్ సినిమా బడి, బార్సెలోనాలో పొంపేయు ఫాబ్రా విశ్వవిద్యాలయం, డాక్యుమెంటరీ దర్శకుడు జాఁ రూష్ పెట్టిన శిక్షణ కేంద్రం అతెలియే వరాఁ. ఆర్దెష్ ప్రాంతంలో ల్యుస్సాస్ అనే చిన్న పల్లెలో ప్రతి ఆగస్టులో డాక్యుమెంటరీ సమావేశాలు జరుగుతాయి, అక్కడ ఏళ్ళ తరబడి సెమినార్లు నడిపాడు. పుస్తకాలు 2004 నుంచి వరసగా వచ్చాయి. 2016లో ఇస్లామిక్ స్టేట్ వాళ్ళు తీసిన హత్యల వీడియోల మీద కూడా ఒకటి రాశాడు. చంపడాన్నే ప్రదర్శనగా మార్చినప్పుడు సినిమా తెలిసినవాళ్ళం నోరు మూసుకుని కూర్చోలేమన్నది ఆయన పట్టుదల. డెబ్బై అయిదేళ్ళ వయసులో ఆ వీడియోల సంగతి తలకెత్తుకోవడానికి ఎంత గుండె కావాలి!

శ్రీలత
అందరికీ ధన్యవాదాలు. మా క్లాసులో వచ్చే వారం నా వంతు ప్రసంగం. 1969 వ్యాసంలోని ఏడు రకాల్లో చివరి రెండూ డాక్యుమెంటరీ గురించేనని ఇక్కడ ఎవరూ ప్రస్తావించలేదు. ఒకటి, కెమెరా పెట్టేస్తే నిజం దానంతటదే పడుతుందని నమ్మే రకం. రెండోది, చూపించే తీరును కూడా ప్రశ్నించే రకం. ఇరవై ఏళ్ళ తర్వాత మార్సేయ్‌లో ఆయన చేసింది ఆ రెండోదాన్నే. నా ప్రసంగం అక్కడి నుంచే మొదలుపెడతాను, లింకన్ వ్యాసం మధ్యలో, ఆసుపత్రి సినిమా చివర్లో.

నర్సన్న గారూ, 'అల్జీరియాలో పుట్టిన ఫ్రెంచి దర్శకుడు' అనే పరిచయం చేస్తాను. అసియా జెబార్ పేరు కూడా చెబుతాను.

నర్సన్న_ఓరుగల్లు
చెప్పు బిడ్డా. జెబార్ సినిమా 1979ల వెనిస్‌ల విమర్శకుల బహుమతి గెలిచింది, గది కూడ చెప్పు. నవల రాసే ఆమె కెమెరా ఎందుకు పట్టిందో ఇంకో దారం తీద్దాం, గది నేనే మొదలువెడ్త.

సుధ_ఎక్స్
తీయండి నర్సన్న గారూ. ఆ సినిమా గురించి ఇక్కడ మా లైబ్రరీలో ఉన్నవి చదివి నేనూ వస్తాను.